17వ నిమిషం దగ్గర

హైదరాబాద్,
ఆదివారం మధ్యాహ్నం.

చిరంజీవి నీలిమకు పెద్దమ్మ ఆశీస్సులు.

నువ్వు పంపిన 22 నిమిషాల ఫిల్మ్ నిన్న రాత్రి చూశాను. పొద్దున్నే కాఫీ పెట్టుకుని, సౌండు కట్టేసి మళ్ళీ చూశాను. మాటలూ మ్యూజిక్కూ లేకుండా బొమ్మ ఎంతసేపు నిలబడుతుందో చూసుకోవడం నాకు పాత అలవాటు. మధ్యలో మీ అమ్మ ఫోను. "అక్కా, నీ కడుపున పుట్టిందైతే ఇలాగే వదిలేసేదానివా? లక్షణమైన ఉద్యోగం మానేసి గుంటూరులో మిరపకాయల కొట్ల చుట్టూ తిరుగుతోంది. సంబంధాలవాళ్ళు అమ్మాయి ఏం చేస్తుందని అడిగితే ఏం చెప్పను?" అని. తప్పంతా నాదేనట. నీ పదో ఏట నా కెమెరా నీ మెడలో వేశాను కదా, అందుకు. సినిమా తీస్తోందని చెప్పవే అన్నాను. "హీరో ఎవరని అడుగుతారు" అంది! ఆ మాటకి నా దగ్గర జవాబు లేదు. మన దగ్గర సినిమా అంటే శుక్రవారం విడుదలయ్యేదే.

నీ ఉత్తరంలో చాలా అడిగావు. కెమెరా ఏది కొనాలి, ఏ ఫెస్టివల్‌కి పంపాలి, గ్రాంటులు ఎవరిస్తారు, సెన్సారు కావాలా... వీటన్నిటి అడుగునా ఉన్న ప్రశ్న ఒక్కటే, దీంతో బతకొచ్చా అని. చెబుతాను. ముందు నీ ఫిల్మ్ సంగతి.

మొదటి నాలుగు నిమిషాలూ బాగున్నాయి. లారీ మీంచి మిర్చి టిక్కీలు దింపుతున్న హమాలీ వీపు, కాయలు గుమ్మరించగానే ఎండలోకి లేచే ఎర్రటి దుమ్ము, ఆ దుమ్ముకి తుమ్ముతూనే బేరం ఆపని వ్యాపారి. తొడిమలు తీసి సాయంత్రం ఇంటికెళ్ళిన తల్లి, చంటిదాన్ని ఎత్తుకోబోయి, వేళ్ళ మంట గుర్తొచ్చి చేతులు వెనక్కి లాక్కుంది చూడు, ఆ ఒక్క షాట్ చాలు నీకు కన్ను ఉందనడానికి. దాని మీద వయొలిన్ ఎందుకు పెట్టావే? ఆ తల్లి చేతులు చెబుతున్నది చాలదనుకున్నావా? తీసెయ్.

ఇప్పుడు చివాట్లు. తొడిమలు తీసే ఆడవాళ్ళంతా గోనెపట్టాలు పరుచుకుని నేలమీద కూర్చుని పనిచేస్తున్నారు. నీ కెమెరా నిలబడి ఉంది. 22 నిమిషాల్లో అది ఒక్కసారి కూడా కూర్చోలేదు. తలలూ, పాపిడులూ, కుప్పలూ కనిపిస్తున్నాయి. ముఖం చూడాలంటే వాళ్ళే మెడ ఎత్తి నీ వైపు చూడాల్సి వస్తోంది.

జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ ఉంది, నీకు తెలుసు. ఆ సంఘాల్లోని దళిత రైతు స్త్రీలు కెమెరా పట్టడం నేర్చుకున్నారు. వాళ్ళలో చాలామందికి చదువు రాదు. లో యాంగిల్, హై యాంగిల్ అనే మాటలు వాళ్ళకెందుకు? తమ పేర్లు తామే పెట్టుకున్నారు. పైనుంచి కిందికి చూసేది పటేల్ షాట్, ఎత్తున కూర్చున్న పటేలు కూలివాళ్ళని చూసే చూపు. కిందినుంచి పైకి చూస్తే అది అతని ముందు చేతులు కట్టుకున్నవాడి చూపు. కళ్ళకి కళ్ళు సమంగా ఉంటే సంఘం షాట్, సంఘంలో అందరూ ఒకే చాప మీద కూర్చుంటారు కాబట్టి. వాళ్ళకి ఈ పని నేర్పే ఏర్పాటు చేసిన పి.వి. సతీష్ గారు దూరదర్శన్‌లో ఏళ్ళ తరబడి పనిచేసి వచ్చినవారు. 2023లో పోయారు. 2001లో ఆ ఆడవాళ్ళే కమ్యూనిటీ మీడియా ట్రస్ట్‌గా ఏర్పడ్డారు. వరంగల్‌లో బీటీ పత్తి వేసి దెబ్బతిన్న రైతుల మీద వాళ్ళు తీసిన ఫిల్మ్ దేశం దాటింది. నేను చదివిన ఫిల్మ్ పుస్తకాలన్నీ కలిపి కెమెరా ఎత్తు గురించి ఇంత సూటిగా చెప్పలేదు.

నీ ఫిల్మంతా పటేల్ షాటేనమ్మా. కావాలని తీశావనను. కూర్చుంటే నడుం నొప్పి, మోకాలికి దుమ్ము, అంతే అయ్యుంటుంది. కానీ తెరమీద నడుం నొప్పీ పొగరూ ఒకేలా కనిపిస్తాయి.

ఇంకొకటి, ఇది మరీ ముఖ్యం. తొమ్మిదో నిమిషంలో ఒకామె తూకంలో ఎలా కోత పెడతారో చెబుతోంది. ధైర్యంగా చెబుతోంది. ఆమె భుజం వెనకాల ఆ కొట్టు బోర్డు మొత్తం చదవడానికి వీలుగా ఉంది. పెద్ద తెర అక్కర్లేదు, నా ఫోన్‌లోనే చదివాను. రేపు ఆమెకి ఆ వీధిలో పని ఎవరిస్తారు? కాగితం మీద వేలిముద్ర వేయించుకున్నానని రాశావు. ఆ కాగితం కోర్టులో నిన్ను కాపాడుతుందేమో. ఆమెని ఎవరి నుంచి కాపాడుతుంది?

నిన్ను తిట్టే అర్హత నాకు ఎలా వచ్చిందో చెప్తాను. ఇది మీ అమ్మకి కూడా తెలియదు.

1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో ఆడవాళ్ళు సారా దుకాణం మూయించారు. రాత్రి బడిలో చదువుకున్న వాచకంలోని సీతమ్మ కథ వాళ్ళ చేత ఆ పని చేయించిందని అందరూ చెప్పుకునేవారు. అక్కణ్ణించి జిల్లా అంతా అంటుకుంది, రాష్ట్రమంతా అంటుకుంది. మరుసటేడు సారా నిషేధం వచ్చింది. ఆ రోజుల్లో నాకు పాతికేళ్ళు. అరువు తెచ్చుకున్న వీహెచ్ఎస్ కెమెరా ఒకటి, నాలుగు క్యాసెట్లు. నెల్లూరు జిల్లాలోనే వేరే ఊళ్ళో ఒకామె నాకు రెండు గంటలు చెప్పింది. మొగుడు బియ్యం ఎలా అమ్ముతాడో, ఆమె ఎక్కడ దాస్తుందో, దొరికినప్పుడు ఏం చేస్తాడో. చెబుతూ చీర పక్కకు జరిపి వీపు చూపించింది. తీశాను. గొప్పగా తీశాననుకున్నాను కూడా.

రెండు నెలల తర్వాత అదే ఊళ్ళో టీవీ, వీసీఆర్ పెట్టి వీధిలో వేశాను. జనానికి వాళ్ళ ఫిల్మ్ వాళ్ళకే చూపిస్తున్నానని నా గర్వం. ముందు వరసలో ఆమె మొగుడు కూర్చున్నాడు. అతనెవరో నాకు తెలియదు, అడగలేదు. మర్నాడు పొద్దున వాళ్ళింటికి వెళితే తలుపు సగమే తీసింది. "ఎక్కడో పట్నంలో చూపిస్తావనుకున్నా గానీ, మా బజాట్లో ఆయన ముందరే ఏస్తావని చెప్పలేదే" అంది. కోపంగా కూడా అనలేదు. ఆ ముఖం మీద ముందురోజు లేని దెబ్బ ఉంది.

ఆ తర్వాత రెండేళ్ళు నేను కెమెరా ముట్టలేదు. కాలికి దెబ్బ తగిలిందనీ, డబ్బుల్లేవనీ అందరికీ ఏదో ఒకటి చెప్పాను.

ఆ రెండేళ్ళలోనే ఒకరోజు 'ఇది కథ మాత్రమేనా?' చూశాను. తెలుగు ఫిల్మ్, 1983ది. దీపా ధన్‌రాజ్, మరికొందరు కలిసి పెట్టుకున్న యుగాంతర్ బృందం, హైదరాబాద్ స్త్రీశక్తి సంఘటనతో కలిసి తీసింది. ఇంటిలోపలి హింస మీద. సంఘటనలోని ఆడవాళ్ళు తాము సేకరించినవీ, తమలో తాము చెప్పుకున్నవీ కలిపి కథగా అల్లి, తామే నటించారు. ఏ ఒక్కరి వీపూ తెరమీదికి రాలేదు, చూసిన ప్రతి ఆడదానికీ తన వీపు గుర్తొచ్చింది. నా ఫిల్మ్‌కి పదేళ్ళ ముందే, నేనుండే ఊళ్ళోనే ఆ దారి ఒకటి వేసి ఉంది. నాకు తెలియలేదు, తెలుసుకోవాలనీ తోచలేదు. కొత్తగా వచ్చినవాళ్ళందరం మనమే మొదలనుకుంటాం కదా.

కాబట్టి ఆ తూకం సంగతి చెప్పిన ఆమె దగ్గరికి మళ్ళీ వెళ్ళు. ల్యాప్‌టాప్‌లో ఆ ముక్క చూపించు. ఇది గుంటూరులో వేస్తాను, నీ కొట్టు యజమాని కొడుకు ఫోన్‌లో చూస్తాడు, ఉంచమంటావా అని అడుగు. ఉంచమంటే, బోర్డు కనపడకుండా ఇంకోచోట కూర్చోబెట్టి మళ్ళీ తియ్యి. వద్దంటే తీసెయ్. వాదించకు, ఒప్పించకు. నీ ఫిల్మ్‌లో అదే బలమైన ముక్క అని నాకూ తెలుసు.

చూపించడమంటే గుర్తొచ్చింది, 'రైటింగ్ విత్ ఫైర్' సంగతి. బుందేల్‌ఖండ్‌లో దళిత స్త్రీలు నడిపే 'ఖబర్ లహరియా' వార్తాసంస్థ మీద రింటూ థామస్, సుష్మిత్ ఘోష్ ఏళ్ళ తరబడి కష్టపడి తీశారు. ఆస్కార్ నామినేషన్ వచ్చింది. 2022లో సరిగ్గా ఆ ఆస్కార్ వేడుక ముందు ఖబర్ లహరియా వాళ్ళే ఒక ప్రకటన ఇచ్చారు, ఫిల్మ్ మా పనిలో ఒక భాగాన్నే చూపించింది, మేమంటే అంతే కాదు అని. ఎవరిది తప్పని నన్ను అడగకు. రెండువైపులా నాకు గౌరవమే. అయిదేళ్ళు ఒకరి వెంట తిరిగి, ప్రేమగా తీసినా, తెరమీద తమని చూసుకున్నవాళ్ళు ఇది నేను కాదు అనొచ్చు. అనే హక్కు వాళ్ళకి ఉంది. ఆ మాట అందరికన్నా ముందు నీ చెవిన పడేలా చూసుకో, పేపర్లో చదువుకునే గతి రాకుండా.

సరే, ఇక బతుకు సంగతి.

ముప్పై ఏళ్ళలో డాక్యుమెంటరీల మీద నాకు వచ్చిన డబ్బు మా పాలవాడి బాకీకి కూడా చాలదు. మరి ఎలా బతికావంటావా? పెళ్ళి వీడియోలు తీశాను. దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక స్టూడియోకి రాత్రుళ్ళు ఎడిటింగ్ చేశాను, పెళ్ళికూతురి ముఖం చుట్టూ గులాబీ పూలు తిప్పడంలో నన్ను మించినవాళ్ళు లేరు అప్పట్లో! వ్యవసాయ శిక్షణ ఫిల్ములు తీశాను. ఇతరుల ఫిల్ములకి సబ్‌టైటిల్స్ రాశాను. వారానికి రెండు క్లాసులు చెప్పాను. ఇందులో ఏదీ నాకు సిగ్గుగా అనిపించలేదు, ఒక్కటి తప్ప. ఒక సంస్థవాళ్ళు తమ పథకం మీద ఫిల్మ్ చేయమన్నారు, మంచి డబ్బే. లబ్ధిదారురాలు చివర్లో నవ్వాలి మేడం అన్నారు. ఆమె నవ్వలేదు. నవ్వు వచ్చేదాకా తీయమన్నారు, తీశాను. ఆ చెక్కుతో కొన్న ఫ్రిజ్ ఇంకా మా ఇంట్లోనే ఉంది. తలుపు తీసినప్పుడల్లా ఆమె నవ్వు గుర్తొస్తుంది.

నీకు కోడింగ్ వచ్చు. దాన్ని వదిలించుకోవలసిన పాత బతుకులా చూడకు. ఏడాదిలో ఆరునెలలు ఆ పని చెయ్, మిగిలిన ఆరునెలలూ ఎవరికీ జవాబు చెప్పనక్కర్లేదు. స్వతంత్ర ఫిల్మ్‌మేకర్ అంటారే, ఆ స్వతంత్రం అద్దె కట్టడంలో ఉంటుంది ఎక్కువగా. అప్పు చేసి కెమెరా కొనకు. అద్దెకి తెచ్చుకో. కొంటే మంచి మైకు కొను. బొమ్మ కాస్త వణికితే జనం ఓర్చుకుంటారు, మాట వినపడకపోతే లేచిపోతారు. మిర్చి యార్డులో లారీ హారన్లకీ, వేలం కేకలకీ నీ ఆడవాళ్ళ మాటలు సగం కొట్టుకుపోయాయి.

గ్రాంటులకి రాయి. బెంగళూరులో ఇండియా ఫౌండేషన్ ఫర్ ది ఆర్ట్స్, ఆమ్‌స్టర్‌డామ్ ఫెస్టివల్ వాళ్ళ బెర్తా ఫండ్, డబ్బు పెట్టేవాళ్ళ ముందు నీ ఫిల్మ్ గురించి చెప్పుకోవడానికి కోల్‌కతాలో డాక్‌ఎడ్జ్. మా తరానికి పీఎస్‌బీటీ, అంటే పబ్లిక్ సర్వీస్ బ్రాడ్‌కాస్టింగ్ ట్రస్ట్, పెద్ద దిక్కుగా ఉండేది. 2000లో మొదలై, దూరదర్శన్ కోసం వందల ఫిల్ములు తీయించింది. నాకు తెలిసిన సగంమందికి మొదటి ఫిల్మ్ అక్కడే. వస్తుందన్న ఆశతో మాత్రం రాయకు, అప్లికేషన్ రాస్తుంటే నీ ఫిల్మ్ దేనిగురించో నీకు మొదటిసారి తెలుస్తుంది, అందుకు రాయి.

జనం డబ్బుతో తీస్తాను, మంథన్ లాగా, అని కూడా రాశావు. నీ వయసులో నేనూ అదే అన్నాను. 1976లో అయిదు లక్షలమంది గుజరాత్ పాడి రైతులు తలా రెండు రూపాయలు వేసుకుంటే మన తిరుమలగిరిలో పుట్టిన శ్యామ్ బెనెగల్ ఆ సినిమా తీశాడు. వినడానికి కమ్మగా ఉంటుంది. కానీ ఆ రెండు రూపాయలూ రోజూ పాలు పోయించుకునే సహకార సంఘాల లెక్కల్లోంచి వచ్చాయి. అంత పెద్ద యంత్రాంగం ముందే ఉంది. నీ వెనక ఏముంది? నీకు దగ్గరి ఉదాహరణ కేరళలో జాన్ అబ్రహాం. ఆయనా ఒడెస్సా బృందమూ ఊరూరా తిరిగి చందాలు పోగుచేసి 1986లో 'అమ్మ అరియాన్' తీశారు. చందా ఇచ్చినవాళ్ళకే తిరిగి చూపించారు. మరుసటేడు ఆయన పోయాడు. అదీ మనవాళ్ళ కథ, సగం పండగ, సగం చావు. ఫెస్టివల్లో శాలువా కప్పించుకుని ఇంటికొచ్చి కరెంటు బిల్లు చూసుకుంటుంటే, ఇంట్లో ఈగల మోత బయట పల్లకీల మోత అన్నవాడు డాక్యుమెంటరీ తీసేవాడే అయ్యుంటాడనిపిస్తుంది.

ఫెస్టివల్ గడువు లోపల పూర్తి చేయాలని తొందరపడుతున్నావు. ఎందుకు? వచ్చే ఏడు కూడా ఆ ఫెస్టివల్ ఉంటుంది. నీ ఫిల్మ్ అంతా ఫిబ్రవరి, మార్చి నెలల్లో తీసింది, సరుకు ముమ్మరంగా వచ్చే రోజులు. మేలో యార్డుకి వేసవి సెలవులిస్తారు. ఆ నెలరోజులూ ఆ ఆడవాళ్ళు ఏం తింటున్నారు? కోల్డ్ స్టోరేజీల్లో పని దొరుకుతుందా, ఎవరి దగ్గర అప్పు తెస్తారు, ఎంత వడ్డీకి? అది నీ ఫిల్మ్‌లో లేదు. పని కష్టం తీశావు, పని లేకపోవడం తీయలేదు. ఆ రెండోది తీయడం ఇంకా కష్టం, ఏమీ జరుగుతున్నట్టు కనిపించదు గనక.

కాలం సంగతి ఆనంద్ పట్వర్ధన్‌ని చూసి నేర్చుకున్నాను నేను. 1997 జూలైలో ముంబైలో రమాబాయి అంబేడ్కర్ నగర్‌లో పోలీసు కాల్పులకి పదిమంది దళితులు చనిపోయారు. ఆ దుఃఖంతో కొద్దిరోజులకే విలాస్ ఘోగ్రే అనే కవిగాయకుడు ఉరివేసుకున్నాడు. పట్వర్ధన్ అంతకు ముందు తీసిన ఒక ఫిల్మ్‌లో అతని పాట ఉంది. 'జై భీమ్ కామ్రేడ్' అక్కడ మొదలై 2011లో పూర్తయింది. పద్నాలుగేళ్ళు! నిన్ను పద్నాలుగేళ్ళు తీయమనడం లేదు, మీ అమ్మ నన్ను బతకనివ్వదు. కానీ కేసు నడిచే కాలం ఒకటుంటుంది, పాటగాళ్ళ బతుకులు మారే కాలం ఒకటుంటుంది. ఆయన వాటి వెంట నడిచాడు.

సెన్సారు. ఎవరైనా తేలిగ్గా చెబితే నమ్మకు. డాక్యుమెంటరీ అయినా సరే, జనానికి బహిరంగంగా వేయాలంటే 1952 చట్టం ప్రకారం సర్టిఫికెట్ ఉండాలి. ఫెస్టివల్‌కి కేంద్రం మినహాయింపు ఇస్తుంది. జాతీయ అవార్డుకి పంపాలంటే సర్టిఫికెట్ తప్పదు. దీనిమీద మొదట కోర్టుకెక్కిన పెద్ద కేసే ఒక చిన్న డాక్యుమెంటరీది, కె.ఎ. అబ్బాస్ నాలుగు నగరాల మీద తీసింది. 1970లో సుప్రీంకోర్టు ముందస్తు సెన్సారు చెల్లుతుందంది, పద్ధతీ అప్పీలూ మాత్రం సరిగ్గా ఉండాలంది. పట్వర్ధన్ 'వార్ అండ్ పీస్'కి 21 కత్తిరింపులు అడిగారు. ఆయన ఒక్కటీ చేయనని బొంబాయి హైకోర్టుకి వెళ్ళి 2003లో గెలిచాడు. 1995లో తీసిన ఇంకో ఫిల్మ్‌ని దూరదర్శన్ వేయాలని సుప్రీంకోర్టు 2006లో చెప్పింది. పదకొండేళ్ళు. గెలుపే, కాదనను. ఆ పదకొండేళ్ళలో ఎంతమంది కుర్రాళ్ళు ఆ తలనొప్పి మనకెందుకని మెత్తటి ఫిల్ములకి మళ్ళారో ఎవరూ లెక్కపెట్టలేదు. నీ కాలానికి ఇంకోటి తోడైంది, సెన్సారు బోర్డు కాదంటే వెళ్ళడానికి ట్రిబ్యునల్ ఉండేది, 2021లో దాన్ని ఎత్తేశారు. ఇప్పుడు తిన్నగా హైకోర్టే. లాయరు ఫీజు నీ బడ్జెట్‌లో రాసుకున్నావా? రాసుకో.

అయితే ఒంటరిగా కొట్లాడకు. 2004 ముంబై ఫెస్టివల్‌కి ముందు భారతీయ ఫిల్ములకి మాత్రం సెన్సారు సర్టిఫికెట్ కావాలని నియమం పెడితే, దేశంలోని డాక్యుమెంటరీవాళ్ళం ఒక్కటయ్యాం. వికల్ప్ అని పేరు పెట్టుకుని పక్కనే పోటీగా మా ఫిల్ములు మేం వేసుకున్నాం. రిజర్వేషన్ లేకుండా రైలెక్కి వెళ్ళాను ఆ ఫిబ్రవరిలో. ఒకరి ఫిల్మ్ ఒకరం తిట్టుకునే మనుషులం, ఆ వారం ఒకే గదిలో నేలమీద పడుకున్నాం. నా జీవితంలో ఏ అవార్డూ అంత బాగా లేదు. నీకూ అలాంటి నలుగురు కావాలి. నీ ఫిల్మ్ బాగాలేదని నీ ముఖం మీద చెప్పేవాళ్ళు, నిన్ను స్టేషన్లో కూర్చోబెడితే అర్ధరాత్రి వచ్చేవాళ్ళు. మదురైలో దివ్యభారతి పాకీపని చేసేవాళ్ళ మీద 'కక్కూస్' తీసినప్పుడు ప్రదర్శనలు ఆపించారు. యూట్యూబ్‌లో పెట్టేసింది. తర్వాత ఎప్పటిదో పాత కేసు తవ్వి అరెస్టు చేశారు. ఇది జరిగింది 2017లో, మనకి దగ్గర్లోనే, తమిళనాడులో. భయపెట్టడానికి చెప్పడంలేదు. మంచి లాయరు నంబరు కాగితం మీద రాసి పర్సులో పెట్టుకో, ఫోను పోలీసుల దగ్గరుంటుంది.

హార్డ్‌డిస్క్ మాట మరిచిపోయాను. తీసిందంతా మూడు కాపీలు, రెండు వేర్వేరు ఇళ్ళల్లో. ఒకటి మా ఇంట్లో పెట్టుకో, బీరువాలో చోటుంది. 1984లో హైదరాబాద్ మతకల్లోలాల్లో తిరుగుతూ దీపా ధన్‌రాజ్ బృందం 'క్యా హువా ఇస్ శహర్ కో?' తీసింది. దాదాపు మూడు దశాబ్దాల తర్వాత దాన్ని బాగుచేసి మళ్ళీ వేసింది ఎక్కడనుకున్నావ్, బెర్లిన్‌లో. మన పాతబస్తీ గల్లీలు, మన నాయకుల ఉపన్యాసాలు, జర్మనీవాళ్ళు కడిగి తుడిచి ఇస్తే మనం చూసుకున్నాం. నా నెల్లూరు క్యాసెట్లకి బూజు పట్టింది. ఆ వీపు ఉన్న క్యాసెట్ మాత్రం నేనే తగలబెట్టాను. ఇంకా మంచిగా చేయాల్సింది ఏదైనా ఉందేమో, నాకు తోచలేదు.

ఇక ఆ 17వ నిమిషం. ఒకామె, నీలం చీర, తొడిమ తీస్తూ తీస్తూ ఆగి తల ఎత్తి నీ వైపు చూస్తుంది. కెమెరా వైపు కాదు, దాని వెనక ఉన్న నీ వైపు. నోరు తెరిచి "ఇవన్నీ తీసుకెళ్ళి నువ్వు..." అనేదాకా వినపడుతుంది. అక్కడ కోసేశావు. వెంటనే కోల్డ్ స్టోరేజీ బయటి గోడ, మ్యూజిక్కు.

ఆమె ఏమందో నాకు సుమారుగా తెలుసు. నన్నూ అన్నారు, నెల్లూరులో, మంచిర్యాలలో, ఆదిలాబాద్‌లో. మురికివాడల్లో బతికే జనం మీద పట్వర్ధన్ 1985లో తీసిన 'బాంబే అవర్ సిటీ'లో ఒకామె ఆయన్నే నిలదీస్తుంది, మా బొమ్మలు తీసుకుని మీరు పేరు తెచ్చుకుంటారు, మాకేం ఒరుగుతుందని. ఆయన ఆ ముక్కని తీసేయలేదు. జవాబూ చెప్పలేదు, ఆ ప్రశ్న అలాగే తెరమీద ఉండిపోయింది. నలభై ఏళ్ళుగా ప్రతి ప్రదర్శనలోనూ ఆమె ఆయన్ని అడుగుతూనే ఉంది. నీకు పడ్డ చురుకు అర్థమైంది. ఆ మాట పడితే మన చెయ్యి దానంతటదే కత్తెర మీదికి వెళుతుంది.

ఆ కోసేసిన ముక్క నాకు పంపు. పూర్తిగా, ఆమె మాట అయిపోయాక నువ్వేం అన్నావో అది కూడా. అది చూశాకే మిగతా ఫిల్మ్ గురించి మాట్లాడుకుందాం. వచ్చే శనివారం రా, రాత్రి ఉండేలా. గోంగూర చేస్తాను.

ఇట్లు,
మీ పెద్దమ్మ.

తా.క. మీ ఇంట్లో అటక మీద అమ్మమ్మ కూరలు తరుక్కోవడానికి కూర్చునే చిన్న పీట ఉండాలి, జానెడు ఎత్తుది. గుంటూరు వెళ్ళేటప్పుడు పట్టుకెళ్ళు. ఎందుకని మీ అమ్మ అడిగితే హీరోయిన్ల పక్కన కూర్చోడానికని చెప్పు.